దుబాసీ మింగిన మాట

ట్రామ్‌లో కూర్చున్న మనిషి చచ్చిపోయాడన్న సంగతి మూడు స్టాపులు దాటేదాకా ఎవరికీ తెలియలేదు. నిద్రపోతున్నాడనుకున్నారు. నాలుగో స్టాపు దగ్గర బండి మలుపు తిరిగేసరికి పక్కనున్న పెద్దావిడ మీదికి వాలాడు. "నాయనా, కాస్త సర్దుకో," అని ఆవిడ భుజం తట్టింది. అతను సర్దుకోలేదు. కోటు వెనక, పక్కటెముకల సందున, పెసరగింజంత రంధ్రం ఉంది.

చంపినవాళ్ళు అతని ఫోను, పర్సు పట్టుకుపోయారు. సిగరెట్ పెట్టె మాత్రం వదిలేశారు. పొగ తాగితే చస్తారని దాని మీద మూడుసార్లు అచ్చేసి ఉంటుంది. మూడు జాతులకి మూడు భాషలని పేరే గానీ, చదివితే మూడూ ఒకటే. లోపలి రేకు కాగితం మీద పెన్సిల్‌తో ఒక ముక్క రాసి ఉంది.

'గురువారం పదకొండున్నర. మూడో కాఫీ.'

ఆ పెట్టె గంట తరవాత సరయేవోలో ఒక పాత పన్నుల ఆఫీసు రెండో అంతస్తులో, గూఢచారి విభాగం డైరెక్టర్ తిహొమిర్ బల్ల మీద ఉంది. ఎదురుగా రిఫెత్ కూర్చున్నాడు. వయసు నలభై మూడు, విభాగంలో అందరికంటే తక్కువ మాట్లాడే ఏజెంటు.

"పోయినవాడు యాసెన్. 'వడ్రంగి' అని మారుపేరు పెట్టుకున్నవాడి ముఠాలోకి మనం పంపినవాడు," అన్నాడు తిహొమిర్. "రేపే గురువారం. విదేశీ పర్యవేక్షకుడి బంగళాలో మన మూడు జాతుల ముగ్గురు నాయకులూ సరిహద్దు పోలీసు చట్టం మీద సంతకాలు పెడతారు. సరిహద్దు బిగిస్తే పరాయి దేశంలో కూర్చుని తుపాకులమ్ముకునే వడ్రంగికి దుకాణం బంద్."

"మూడో కాఫీ సంగతి బంగళా సెక్యూరిటీకి చెప్పారా, షెఫ్?" బాస్‌ని అక్కడ అందరూ అలాగే పిలుస్తారు.

"చెప్పా. మూడో కప్పులో విషం కలుపుతారని తేల్చాడు వాళ్ళ కర్నల్. రేపు రెండు రౌండ్లే ఇవ్వాలని ఆర్డరు కూడా వేశాడు."

రిఫెత్‌కి నవ్వు రాలేదు. "మనవాళ్ళలో మూడో కాఫీ అంటే..."

"నాకు చెప్తావేంట్రా? మొదటిది రమ్మనడానికి, రెండోది కబుర్లకి, మూడోది ఇక దయచేయమనడానికి. మా అత్తగారు నాకు గుమ్మంలోనే మూడోది ఇచ్చింది." తిహొమిర్ గొంతు తగ్గించాడు. "వడ్రంగి అందర్నీ ఒకేసారి పంపించేద్దామనుకుంటున్నాడు. బాంబు. కర్నల్ కుక్కల్ని తిప్పాడు, ఏమీ లేదంటాడు. మనల్ని కాపాడ్డానికి వచ్చినవాళ్ళు, మన మాట వినడానికి వచ్చారా ఏమన్నా?"

యుద్ధం ఆగిన దగ్గర్నుంచీ ఇదే వరస. పై దేశాలు ఒక పర్యవేక్షకుణ్ణి కూర్చోబెట్టాయి. మనం ఓట్లేసి గెలిపించినవాణ్ణి ఆయన ఒక్క సంతకంతో ఇంటికి పంపగలడు. రేపటి చట్టం గట్టెక్కితే ఆ ఆఫీసు మూసేసి వెళ్ళిపోతామని మాటిచ్చారు. పరాయివాడి చేత పెద్దరికం చేయించుకుంటూ బతకడం రిఫెత్‌కి సిగ్గుగా ఉండేది. ఆ సిగ్గు ఊరందరిదీ. అతనికి సొంతంగా ఇంకొకటుంది.

"నువ్వు దుబాసీగా వెళ్తావు," అన్నాడు తిహొమిర్. "అసలు దుబాసీకి జ్వరం రప్పించాను. ఆ గదిలో మనవాళ్ళలో మైకు ముట్టుకునే హక్కు దుబాసీ ఒక్కడికే."

"ఇంకెవరినైనా పంపండి, షెఫ్."

"యుద్ధంలో చేసిన పనేగా. లోపల మనకి బెల్కీసా ఉంది. ప్రొటోకాల్ అధికారిణి. రెండేళ్ళుగా ముఠా కబుర్లు మనకి చేరవేస్తోంది. మన కబుర్లు వాళ్ళకీ చేరవేస్తోందని నా అనుమానం. సొంతూరు జెలెన్ దోల్."

బల్ల మీది సిగరెట్ పెట్టె రిఫెత్ చేతిలో నలిగిపోయింది.

ఇరవై ఏళ్ళ కింద జెలెన్ దోల్ బడి ఆవరణలో అతను ఒక విదేశీ మేజర్ పక్కన నిలబడ్డాడు. ఇరవై మూడేళ్ళ వయసు, మెళ్ళో గుర్తింపు బిళ్ళ. ఎదురుగా ఊరు ఊరంతా. ఎక్కాలా వద్దా అని, ఊరు ఖాళీ చేయించడానికి వచ్చిన మూడు లారీల ముందు తచ్చాడుతున్నారు. 'దారిలో మిమ్మల్ని కాపాడటానికి ప్రయత్నిస్తాం' అన్నాడు మేజర్. ఒక ముసలామె రిఫెత్ చొక్కా చెయ్యి పట్టుకుని వదలడం లేదు. ఆ ఏడుపు ఎలాగైనా ఆగితే చాలనిపించింది. 'దారిలో మిమ్మల్ని కాపాడతాం' అని చెప్పాడు. ఒక్క మాట మింగేశాడు. జనం ఎక్కారు. రెండో లారీ ఎక్కడికీ చేరలేదు.

తరవాత విచారణ జరిగింది. నేనన్నది ప్రయత్నిస్తామనే అని మేజర్ మొత్తుకున్నాడు, ఎవరూ నమ్మలేదు. దుబాసీని పిలిచి అడిగారు. 'గుర్తులేదు' అన్నాడు రిఫెత్. మాట మింగడం ఒక ఎత్తు, గుర్తులేదనడం ఒక ఎత్తు. మొదటిది భయంతో చేశాడు. రెండోది ఉద్యోగం కోసం చేశాడు. అది తలచుకున్నప్పుడల్లా అద్దంలో తన ముఖం చూసుకోబుద్ధయ్యేది కాదు.

బుధవారం మధ్యాహ్నం కంచరి వీధిలో సుత్తుల మోత చెవులు చిల్లులు పడేట్టుంది. చాటుగా మాట్లాడుకోవడానికి అంతకంటే మంచి చోటు లేదు. నల్ల కళ్ళద్దాలు, ఎర్ర కోటుతో ఒకామె రాగి గిన్నెలు తిరగేస్తోంది. వీధిలో సగం మగవాళ్ళు గిన్నెలు కొనడం మానేసి ఆమెనే చూస్తున్నారు.

"దీని పిడి వంకరగా ఉంది," అన్నాడు రిఫెత్. అది కోడ్ వర్డ్.

"కాఫీ కాగితే అదే సర్దుకుంటుంది," అంది ఆమె. అది జవాబు. తరవాత కళ్ళద్దాలు తీసి అతన్ని తేరిపార చూసింది. "దుబాసీ అన్నవి కదూ?"

అతను తలూపాడు.

"జెలెన్ దోల్ బడి దగ్గర ముందు వరసలో ఉన్నాను. నాకప్పుడు పదమూడేళ్ళు. మా అన్నయ్య జిక్రియా ఎక్కనన్నాడు. కాపాడతామంటున్నారు కదరా అని మా అమ్మ బలవంతాన ఎక్కించింది. రెండో లారీ."

"బెల్కీసా..."

"నీ తప్పేముంది అన్నా? వాళ్ళన్నది నువ్వు చెప్పావు. కళ్ళనీళ్ళు పెట్టుకుని మరీ చెప్పావు. మా అమ్మ పోయేదాకా నిన్ను తలుచుకునేది, ఆ కుర్రాడొక్కడే మన కోసం ఏడ్చాడని."

చెంప మీద కొట్టినా ఇంతకంటే నయంగా ఉండేది. చెప్పెయ్యి, ఇప్పుడే చెప్పెయ్యి అని లోపల ఎవరో పోరుతున్నారు. రిఫెత్, "మూడో కాఫీ ఎక్కడుంది?" అని మాత్రం అడిగాడు.

ఆమె గిన్నె కింద పెట్టింది. "వాళ్ళ మాట నమ్మి మావాడు పోయాడు. వాళ్ళ ఆఫీసుకి కాఫీలు మోస్తూ ఇన్నాళ్ళు ఊరికే ఉన్నాననుకున్నావా? రేపు రాకు అన్నా. నీక్కూడా జ్వరమని చెప్పు."

ఎర్ర కోటు జనంలో కలిసిపోయింది. రిఫెత్ ఫోన్ చేస్తే తిహొమిర్ నిట్టూర్చాడు. "అరెస్టు చేస్తే బాంబెక్కడుందో ఎవరు చెప్తారు? పైగా నాయకులు ముగ్గురూ అక్కడే ఉంటారు. కార్యక్రమం ఆపమంటే కర్నల్ నవ్వుతున్నాడు. వెళ్ళు. ఎలాగైనా ఆ పిల్ల నోరు తెరిపించు."

గురువారం పదకొండు. పర్యవేక్షకుడి బంగళా మిల్యాత్స్కా నది ఒడ్డునే ఉంటుంది, కిటికీ తెరిస్తే కింద నీళ్ళే. రిఫెత్ చెవిలో రిసీవరు, కోటు గుండీలో కెమెరా ఉన్నాయి. హాల్లో గోడ పొడుగునా గాజు బీరువా ఉంది. అందులో యుద్ధంలో పేలిన షెల్లుల ఇత్తడి గుల్లలు వరసగా నిలబెట్టి ఉన్నాయి, వాటి మీద పువ్వులు, వంతెనలు, పావురాలు చెక్కి. ఈ దేశంలో ఏ ఊరివాళ్ళు వచ్చినా దొరకి ఇచ్చేది అదే. పేలుడు మందు వాసన ఎక్కడికి పోతుంది? కర్నల్ కుక్కలు రోజూ ఆ బీరువా చూసి మొరుగుతాయి. రోజూ మొరుగుతాయి గనక ఎవరూ పట్టించుకోరు.

ఇవాళ కూడా మొరిగాయి. కర్నల్ వాటిని విసుక్కుని బయట కట్టేయించాడు. బాంబు ఆ గుల్లల్లోనే ఉంటుందని రిఫెత్‌కి అర్థమైంది. చూస్తే గుల్లలు నలభైకి పైనే ఉన్నాయి.

మొదటి కాఫీ వచ్చింది, పక్కన రహత్ లోకుమ్ అనే మిఠాయి ముక్కలు. ముగ్గురు నాయకులూ మూడు గోడల వైపు చూస్తూ తాగారు. పదకొండుంపావుకి రెండో కాఫీ వచ్చింది. బెల్కీసా అతని ముందు కప్పు పెడుతూ పెదాలు కదపకుండా అంది.

"వచ్చావా అన్నా. ఇది తాగి నా వెనకే వంటింట్లోకి వచ్చెయ్యి."

"ఆ బీరువాలో ఏది?"

ఆమె చెయ్యి ఒక్క క్షణం ఆగింది. "వాళ్ళలాగా నేను మాట తప్పను." ట్రే ఎత్తుకుని వెళ్ళిపోయింది.

ఎవరో ఇచ్చిన మాట కోసం ఈ పిల్ల ఇందరిని చంపబోతోంది. ఆ మాట ఎవరూ ఇవ్వలేదు. దాన్ని పుట్టించింది రిఫెత్. ఆమెని ఆపగలిగేది ఒక్కటే, అదీ అతని నోట్లోనే ఉంది.

పదకొండూ ఇరవై నాలుగు. పర్యవేక్షకుడు లేచి అన్నాడు. "ఈ సరిహద్దులను కాపాడటంలో మీకు తోడుండటానికి ప్రయత్నిస్తాం."

రిఫెత్ మైకు పట్టుకున్నాడు.

"ప్రయత్నిస్తామంటున్నారు. కాపాడతామని కాదు, ప్రయత్నిస్తామని." వంటింటి గుమ్మంలో బెల్కీసా ఎర్ర గౌను ఆగింది. అతను ఆమెనే చూస్తూ చెప్పాడు. "ఇరవై ఏళ్ళ కింద జెలెన్ దోల్‌లో మేజర్ కూడా ఇదే మాటన్నాడు. నేనే దాన్ని మింగేశాను. కాపాడతామని చెప్పి లారీలెక్కించాను. విచారణలో గుర్తులేదన్నాను. గుర్తుంది. ప్రతి రోజూ గుర్తుంది. అబద్ధం వాళ్ళది కాదు, నాది. సిగ్గుతో చచ్చిపోతూ బతికాను గానీ, నోరు విప్పలేదు."

"ఏం చేస్తున్నావురా నువ్వు?" చెవిలో తిహొమిర్ గొంతు.

హాల్లో భాష తెలిసినవాళ్ళు తలలు దించుకున్నారు. తెలియనివాళ్ళు చప్పట్లు కొట్టాలా వద్దా అని ఒకళ్ళనొకళ్ళు చూసుకున్నారు. గుమ్మం వైపు చూస్తే ఎర్ర గౌను లేదు.

వెళ్ళిపోయింది. పదకొండూ ఇరవై ఆరు. నలభై గుల్లల్లో ఒకటి. రిఫెత్ బీరువా వైపు అడుగేశాడు. కర్నల్ మనిషి భుజం పట్టుకుని ఆపాడు.

అప్పుడు వంటింటి తలుపు తోసుకుని బెల్కీసా వచ్చింది. చేతిలో ట్రే, మూడు కప్పులు. లోకుమ్ లేదు, చక్కెర లేదు. నాయకులు ముగ్గురి ముందూ టక్ టక్‌మని పెట్టింది.

మూడో కాఫీ.

"కాఫీ ఆపండి!" అని కర్నల్ అరిచాడు. ఆయన అరుపు ఎవరూ వినలేదు. పెద్ద నాయకుడి ముఖం కందగడ్డలా అయింది. "సంతకమైనా కాలేదు, మమ్మల్ని పొమ్మంటారా?" రెండోవాడు కుర్చీ వెనక్కి తన్నాడు. మూడోవాడు అప్పటికే టోపీ పెట్టుకున్నాడు. ఆ ముగ్గురూ ఒక విషయం మీద ఒక్కసారిగా లేవడం యుద్ధం తరవాత అదే మొదలు. మందీ మార్బలంతో తోటలోకి నడిచారు. ఏం జరిగిందో తెలియక పర్యవేక్షకుడు బతిమాలుతూ వాళ్ళ వెంట పరుగెత్తాడు. ఆయన వెనక కర్నల్, కర్నల్ వెనక, రిఫెత్‌ని వదిలేసి, అతని మనుషులు. నిమిషన్నరలో హాలు ఖాళీ అయింది.

"ఏది?" అన్నాడు రిఫెత్ బెల్కీసాతో.

"పావురం ఉన్నది."

"పావురాలు పదకొండున్నాయి!"

"కన్ను చెక్కని పావురం."

మోచేత్తో గాజు పగలగొట్టాడు. ఒక్కొక్కటే తిప్పి చూస్తున్నాడు. కన్నుంది. కన్నుంది. పదకొండూ ఇరవై తొమ్మిది. కింది వరస మూలన చెయ్యి ఆగింది. మిగతావన్నీ డొల్లవి. ఇది కడుపు నిండిన బిందెలా బరువుగా ఉంది. రెండు చేతులా ఎత్తి కిటికీలోంచి విసిరేసి, బెల్కీసాని నేల మీదికి లాగాడు.

మిల్యాత్స్కాలో మోకాటి లోతు కంటే నీళ్ళుండవు. బురద మాత్రం దండిగా ఉంటుంది. ఆ బురదంతా బంగళా మీదికి లేచింది.

చెవుల్లో హోరు తగ్గాక ఆమె లేచి గౌను దులుపుకుంది. తోటలోంచి బూట్ల చప్పుడు వస్తోంది.

"యాసెన్‌ని పట్టించింది నువ్వేనా?" అన్నాడు.

"అవును. అది మీ ఖాతాలో వెయ్యను. నేనే చేశాను." మణికట్లు తనే ముందుకి చాపింది. "జిక్రియా ఎక్కనన్నాడు. తెలుసా మీకు?"

"నిన్న చెప్పావు."

"ఇరవై ఏళ్ళు తప్పు ఇంటి తలుపు కొట్టాను. నిన్న వీధిలో ఎదురుగా నిలబడి కూడా మీరు చెప్పలేదు." ఆమె గొంతు తొణకలేదు. "మిమ్మల్ని క్షమించి కాఫీ తేలేదు, దుబాసీ గారూ. వాళ్ళది కాని అప్పు వాళ్ళ దగ్గర వసూలు చెయ్యలేకపోయాను, అంతే."

'అన్నా' పోయి 'గారూ' వచ్చింది. రిఫెత్ తల వంచుకుని బేడీలు వేశాడు. చెప్పేస్తే బరువు దిగుతుందని ఎవరో అంటే ఇన్నేళ్ళూ నమ్మాడు. దిగలేదు. ఇప్పుడు నలుగురూ చూస్తుండగా మోయాలి, అదొక్కటే తేడా. రేపు జెలెన్ దోల్ వెళ్ళాలి. రెండో లారీలో మనుషుల్ని పోగొట్టుకున్న గడపలు ఇంకా పదిహేడు ఉన్నాయి.

బయట తోటలో, ఒక కారు బానెట్ మీద ముగ్గురూ సంతకాలు పెట్టేశారు. కాఫీ గురించి ఫిర్యాదు కాగితం మీద కూడా ముగ్గురూ కలిసే పెట్టారు.

పర్యవేక్షకుడు కనుబొమల మీద బురద తుడుచుకుంటూ రిఫెత్ దగ్గరికొచ్చాడు. "ఒక్కటి అర్థం కాలేదు నాకు. నేనన్నది ఒక్క వాక్యం. నువ్వు రెండు నిమిషాలు మాట్లాడావు. ఏం చెప్పావు?"

"మీరన్నదే సార్," అన్నాడు రిఫెత్. "ఈసారి ఏమీ వదల్లేదు."