కోరస్‌లో మూడో గొంతు

ఆదివారం మధ్యాహ్నం కోల్డ్ స్టోరేజీలో పని ఉండదు. లారీలు రావు, హమాలీల కేకలుండవు. నల్లపాడు దాటాక పొలాల మధ్య ఉన్న ఆ గోడౌన్‌కి సూపర్‌వైజరు శ్యామ్ సుందర్ ఒక్కడే తాళాలు పట్టుకుని వచ్చాడు. చర్చి నుంచి తిన్నగా వచ్చాడు, అన్నం కూడా తినలేదు. మెడలో కొత్త హెడ్‌ఫోన్లు, భుజాన దుప్పటి. చూసినవాళ్ళు మతి పోయిందనుకుంటారు. అనుకోనీ.

పది నెలల క్రితం అతని భార్య ఆరాధన చెన్నై వెళ్ళి ఒక పాప్ ఆల్బమ్‌లో కోరస్ పాడింది. "మీరూ రండి, ఒక్కరోజే కదా," అని ఎంతో బతిమాలింది. మిరప సీజను, సరుకు దిగుతోంది, కుదరదన్నాడు. తిరిగొచ్చే దారిలో ఆమె ఎక్కిన బస్సు బోల్తా పడింది. ఆల్బమ్ మాత్రం వచ్చింది. ఎన్నిసార్లు విన్నా కోరస్‌లో నలుగురి గొంతులూ కలిసిపోయి, అందులో ఆమె ఎక్కడుందో తెలిసేది కాదు. ఆ బాధ అతన్ని తినేస్తోంది.

"అన్నా, మామూలు ఫైల్లో సగం కోసేస్తారు. ఏమీ కోయని లాస్‌లెస్ ఫైల్లో విను, ఊపిరి కూడా వినపడుద్ది," అంటూ పొద్దున ఆ ఫైలు అతని ఫోన్లో ఎక్కించాడు, చర్చికి మైకులు అద్దెకిచ్చే వాసిం. "ఎన్నిసార్లు పెట్టినా చుక్క తేడా రాదు."

శ్యామ్ సుందర్ మూడో చాంబర్‌లోకి వెళ్ళి తలుపు మూశాడు. చీకటి. కప్పు దాకా మిరప బస్తాలు. ఎముకలు కొరికే చలి, గొంతు గీరే ఘాటు. ఆ మందపాటి గోడల్లోంచి బయటి చప్పుడు ఒక్కటీ రాదు. దుప్పటి కప్పుకుని, బస్తాకి ఆనుకుని పాట పెట్టాడు.

అబ్బ, ఎంత శుభ్రంగా ఉందో! గిటారు తీగ మీద వేలు జారడం వినిపించింది. డ్రమ్ము మోత సన్నగా కరిగిపోవడం వినిపించింది. తర్వాత కోరస్. ఒకటి... రెండు... మూడో గొంతు ఆరాధనది! పాడబోయే ముందు చిన్నగా ఊపిరి తీసుకుంది. శ్యామ్ సుందర్ వెక్కి వెక్కి ఏడ్చాడు.

వెనక్కి జరిపి మళ్ళీ విన్నాడు. అదే ఊపిరి.

మూడోసారి... ఊపిరి కాస్త పొడుగ్గా ఉంది.

నాలుగోసారి, ఊపిరి తర్వాత దగ్గు. మిరప ఘాటుకి వచ్చే పొడిదగ్గు.

చెన్నై స్టూడియోలో మిరప ఘాటు ఎక్కడిది?

ఆపేయాలి... కానీ ఆపితే ఆమె మళ్ళీ పోతుంది. ఇంకొక్కసారి పెట్టాడు. గిటారు లేదు. డ్రమ్ము లేదు. చెవి పక్కనే, గుసగుసగా...

"ఏవండీ... వచ్చారా?"

ఇంట్లో పలికే అలవాటుకొద్దీ నోరు దానంతటదే పలికింది.

"ఆఁ... వచ్చా."

ఆ తర్వాత బయటికి ఎలా వచ్చి పడ్డాడో అతనికే తెలియదు. ఎర్రటి ఎండలో గోడ పట్టుకుని నిలబడి, వాసింకి ఫోన్ చేశాడు. "ఒరేయ్, ఆ పాట నీ లాప్‌టాప్‌లో పెట్టు. రెండో నిమిషం దగ్గర ఏం వినపడుద్దో చెప్పు. ఫోన్ మాత్రం పెట్టేయకు."

అవతల లాప్‌టాప్‌లో పాట సన్నగా మొదలైంది.

"వదిన గొంతు బ్రహ్మాండంగా ఉందన్నా... ఇదేంటి? వచ్చారా అని అడుగుతోంది. నువ్వేమో, ఆఁ వచ్చా అంటున్నావు." వాసిం గొంతు తగ్గింది. "అన్నా... ఆ రోజు నువ్వు చెన్నై వెళ్ళలేదు కదా?"

"లేదురా," అన్నాడు శ్యామ్ సుందర్.

"హలో... అన్నా? మాట్లాడవేం?"

"వెళ్ళలేదురా!" గొంతు చించుకుని అరిచాడు.

"హలో... పాటలో వదినతో కలిసి పాడుతూనే ఉన్నావు గానీ, ఫోన్లో నీ గొంతు రావట్లేదన్నా..."