తెర మీది పటాలం

1969. అమావాస్య, మంగళవారం, రాహుకాలం! చిక్కడపల్లి మీద కారుమబ్బులు కమ్మిన ఆ గడియలోనే శుభవార్త వచ్చింది.

"కురుమమ్మా! నీ పెనిమిటి ఈదయ్య ఇయ్యాల వస్తుండు!" గుమ్మంలో నిలబడి అరిచాడు హనుమప్ప.

ఆ ఇంటి పై వాటాలో అద్దెకున్న కొత్త పెళ్లికూతురు జయశ్రీ, తింటున్న ఉస్మానియా బిస్కెట్టు వదిలేసి కిందికి పరుగెత్తింది.

ఈదయ్య మొదటి ప్రపంచ యుద్ధానికి గుర్రాల పటాలంతో వెళ్లాడు. ఉత్తరం ముక్క రాలేదు. ఆ రోజుల్లో నారాయణగూడ డేరాలో ఆడిన మూగ వార్తాచిత్రమే జనానికి కబురు. తెర పక్కన నిలబడి దానికి అర్థం చెప్పేవాడు హనుమప్ప. "అందరూ క్షేమం!" అన్నాడు. ఆ ఒక్క మాట పట్టుకుని కురుమమ్మ యాభై రెండేళ్లు ఎదురుచూసింది.

హనుమప్ప ఇప్పుడు క్షుద్రోపాసకుడు...

"హనుమప్ప ఇంటికి జర తోడు రా బిడ్డా," అంది కురుమమ్మ. " జడ మంచిగున్నదా? ఆయన నన్ను గుర్తుపట్టాలె గద!"

"నా మల్లెలు పెడతానుండు అవ్వా. తాతగారు పడిపోవాలి!" నవ్వింది జయశ్రీ.

హనుమప్ప చీకటి గదిలో నవ్వు ఆగిపోయింది. చేత్తో తిప్పే పాత సినిమా యంత్రం... దాని మీద నెత్తుటి బొట్టుతో కపాలం! బయట ఉరుము. పట్టపగలే గుడ్లగూబ కూత!

"నా ఆయుష్షు నీకిచ్చిన అని మూడుమార్లు అను. ఈదయ్య తెర దిగి వస్తడు!" అన్నాడు హనుమప్ప.

గోడ మీది పంచెపై ఆనాటి వార్తాచిత్రంలోని సైనికులు నడిచారు.

"అగో... ఆయనే!" కురుమమ్మ తెర వైపు చేతులు చాపింది. ఒకసారి అంది. ఆమె చేతులు కట్టెల్లా ఎండాయి. రెండోసారి అంది. హనుమప్ప ముడతలు మాయమయ్యాయి!

అప్పుడు తెర మీద ఇంగ్లీషు అక్షరాలు వెలిగాయి.

"అందరూ క్షేమం!" గర్జించాడు హనుమప్ప.

"అలా లేదే!" బి.ఏ. చదివిన జయశ్రీ కేక పెట్టింది. "ఈ దళంలో ఒక్కరూ తిరిగి రాలేదు, ఇదే వారి ఆఖరి చిత్రం... అనుంది!"

 హనుమప్పకు ఇంగ్లీషు రాదు! ఆనాడూ రాదు... నోటికొచ్చింది చెప్పాడు. ఆ అబద్ధం మీదే తన మంత్రమంతా కట్టుకున్నాడు!

సైనికులు ఆగారు. చచ్చినా చావనివ్వక ఇన్నేళ్లూ తమను నడిపించిన గొంతు వైపు తలలు తిప్పారు. తెరలోంచి చేతులు... ఎన్నెన్నో చేతులు!

"వద్దు... వద్దురా!"

రీలు భగ్గుమంది. పొగ తేలేసరికి హనుమప్ప లేడు. ఈదయ్యా లేడు. బూడిద!

కురుమమ్మ ఏడవలేదు.

"పదిహేడుమంది, బిడ్డా. తెర మీద లెక్కపెట్టిన. తక్కినోళ్ల పెండ్లాలు ఎదురుచూసుకుంటనే పోయిండ్రు."

జయశ్రీ ఆమెను పట్టుకుంది. గుప్పెడు ఎముకలు.

"రేపు పొద్దుగాల మూసికి పోదాం. పదిహేడు పిండాలు పెట్టాలె. నేనొక్కదాన్నే మిగిలిన."