పెన్సిల్‌తో రాసిన సముద్రం

సముద్రం చెలియలికట్ట దాటదనీ, అది దేవుడికిచ్చిన మాట అనీ మా నాన్నగారు అనేవారు. దణ్ణం పెట్టుకునే ప్రతిసారీ ఒక సందేహం నన్ను ఏళ్ళ తరబడి పీకుతూనే ఉంది. మాట తప్పింది సముద్రమా, మనమా? ఈ కథలోని సీక్రెట్ ఏజెంట్‌కి అలాంటి సందేహాల్లేవు. ఏదైనా అనిపించడమే మానేసి అతనికి చాలా కాలమైంది. ఆఫీసులో అతన్ని "రాయి" అనేవారు.

చీఫ్ ఫైలు ముందుకు తోశాడు. "రేపు పదకొండింటికి ట్రిబ్యునల్ హియరింగ్. విదేశీ బొగ్గు కంపెనీ పొగకి భూమి వేడెక్కి, సముద్రం ఉబ్బి, రేవు పక్క నాలుగు వీధులు మునుగుతున్నాయని కేసు. గెలిస్తే ఆ జనానికి మెరక మీద ఇళ్ళొస్తాయి. సాక్ష్యం నలభై ఏళ్ళ ఆటుపోట్ల రిజిస్టర్లు. కంపెనీ ముఠా వాటిని మార్చేసిందని సమాచారం."

"లోపల మనవాళ్ళెవరు?"

"నెమలి. రెండు వైపులా జీతం తీసుకుంటుంది. ఎవరి మనిషో ఆమెకే తెలియాలి." చీఫ్ వేలెడంత యూవీ టార్చ్ ఇచ్చాడు. "కొత్త కాగితం దీనికింద మెరుస్తుంది."

దారిలో అక్క ఫోను.

"ఒరేయ్, నీళ్ళు వంటింట్లోకి వచ్చేశాయిరా. స్టవ్వు మంచం మీద పెట్టాను."

"సరే అక్కా."

"సరే ఏంట్రా! మొదటి వీధి మాదే. కేసు పోతే ఎక్కడికి పోవాలి?"

"చూస్తా."

ఫోను జేబులో పెట్టుకున్నాడు. ఏమీ అనిపించలేదు.

రేవు చివర రేకుల గది. దాని పక్కన నీళ్ళలో అంకెలు వేసిన కొలత కొయ్య. రోజూ దాన్ని చూసి సముద్రమట్టం రాసే మాస్టారు అతన్ని వెంటనే గుర్తుపట్టారు.

"నువ్వా! ఇరవై ఏళ్ళ కిందట ఏదో కోడు రాసుకోవాలని నా పెన్సిల్ పట్టుకెళ్ళావు. ఏదీ?"

"మర్చిపోయాను మాస్టారూ. రిజిస్టర్లేవి?"

"ఆడిటని ఒక సూటువాడు పట్టుకుపోయాడు. పెన్సిల్ సంగతి చెప్పవేం?"

"పెన్నుతో రాయొచ్చుగా?"

"ఈ గదిలోనా? ఒక్క తుంపర పడితే సిరా కారిపోతుంది. పెన్సిల్ గీత మునిగినా చెక్కుచెదరదు. నలభై ఏళ్ళూ పెన్సిలే, అబ్బాయ్."

మర్నాడు రాయి పెట్టుడు మీసంతో, బంట్రోతు డ్రెస్సులో హియరింగ్ హాల్లో నీళ్ళు అందిస్తున్నాడు. కంపెనీ లాయరు వెనక, నీలం కళ్ళద్దాలతో నెమలి. ఒళ్ళో పెద్ద బ్యాగు.

"గాలి ఎటు వీస్తోందమ్మా?"

"జీతం వచ్చే వైపు."

కోడ్ సరిగ్గానే చెప్పింది. ఎవరి మనిషో మాత్రం తేలలేదు.

లాయరు రిజిస్టర్లు బల్లమీద పరిచాడు. రాయి టార్చ్ నొక్కాడు. వెలగలేదు. బ్యాటరీ అయిపోయింది.

"నలభై ఏళ్ళలో వెంట్రుకవాసి కూడా పెరగలేదు సార్," అన్నాడు లాయరు.

"అభ్యంతరం లేకపోతే రికార్డు చేస్తున్నాం." ఛైర్మన్ సంతకానికి పెన్ను ఎత్తాడు.

రాయి వంగి చూశాడు. పేజీ నిండా ముత్యాల్లాంటి నీలం సిరా. సర్కారు రిజిస్టరంటే సిరాతోనే రాస్తారనుకున్నారు, ఏసీ గదుల్లో కూర్చుని తయారుచేసినవాళ్ళు.

జగ్గు ఒలకబోశాడు.

అంకెలన్నీ నీలంగా కారి బల్ల అంచు నుంచి కిందికి చుక్కలు కట్టాయి.

"క్షమించండి సార్. సముద్రం పక్కన నలభై ఏళ్ళున్న పుస్తకానికి ఇదే మొదటి తడి అనుకుంటా."

సాక్షుల బెంచీలోంచి మాస్టారు లేచారు. "అది నా రాత కాదయ్యా! నాది పెన్సిల్!"

నెమలి బ్యాగు తెరిచి, ఉప్పుకి బిరుసెక్కిన పాత రిజిస్టర్లు బల్లమీద పెట్టింది. "కాల్చెయ్యమన్నారు. పొగ ఇప్పటికే ఎక్కువైందనిపించింది."

ఛైర్మన్ వాటి మీద తనే నీళ్ళు చల్లి చూశాడు. ఒక్క అంకె కదల్లేదు. నలభై ఏళ్ళలో సముద్రం జానెడు పెరిగింది.

మెరక మీద ఇళ్ళు ఖాయమయ్యాయి. అక్క ఫోనులో ఏడ్చింది. "సరే అక్కా," అన్నాడు రాయి. తీర్పు సంగతి నీళ్ళకి తెలియదు, వంటింట్లోనే ఉన్నాయి.

సాయంత్రం రేకుల గదికి వెళ్ళి కొత్త పెన్సిల్ ఇచ్చాడు. మాస్టారు దాన్ని తిప్పి చూసి, వెనకున్న రబ్బరు పీకి అతని చేతిలో పెట్టారు.

"చెరిపే పని నాది కాదు. ఇది మీ డిపార్ట్‌మెంట్‌కి పనికొస్తుంది, ఉంచుకో."

అని కొయ్య వైపు తొంగిచూసి, ఆ రోజు మట్టం రాసుకున్నారు.