పెంకుల మీద పడే వాన

"ఎవరయ్యా అది? మా పెంకులు పగిలితే నువ్వు కొనిస్తావా?"

కేక విని గిచాన్ నిచ్చెన మీద నుంచి జారబోయి నిలదొక్కుకున్నాడు. కింద ఒకమ్మాయి. ఒంటికి అతుక్కున్న నల్లటి ఈత దుస్తులు, చేతిలో నత్తగుల్లల సంచీ, చెంపల నిండా ఉప్పు.

"జిల్లా ఆఫీసు నుంచి వచ్చానండీ. ఇంజనీర్ని. ఈ కప్పు మీద ఏడాదికెంత వాన నీరు పట్టొచ్చో లెక్క కట్టాలి."

ఆ అమ్మాయి, సొల్హీ, గొంతు తగ్గించింది. సముద్రంలో మునిగి గుల్లలు ఏరే పన్నెండు మంది ఆడవాళ్లు బట్టలు మార్చుకునే ఇల్లది. ఆ దీవికి మంచినీళ్లు పది రోజులకోసారి పడవలో వస్తాయి. ఒళ్లంతా ఉప్పుతో గట్టుకొచ్చిన మనిషికి దక్కేది అర బకెట్టు. ఏడాదికి డెబ్బై ఐదు వేల లీటర్లు పడతాయని తేలితే ఆఫీసు వాళ్లే ట్యాంకు కట్టిస్తారు.

"ఎంత తేలింది?"

"ఎనభై ఎనిమిది వేలు!" గిచాన్ ఛాతీ విరిచి కాగితం చూపించాడు. "కప్పు వంద చదరపు మీటర్లు, ఏడాది వాన పదకొండు వందల మిల్లీమీటర్లు. ఐదో వంతు వృథా తీసేశాను."

"వందెలా వచ్చింది? ఇల్లు చూరుతో కలిపి పది ఇంటూ ఎనిమిదేగా!"

"కప్పు ఏటవాలుగా ఉందిగా. పెంకుల వెంబడే టేపు పెట్టాను."

"ఏటవాలుగా ఉంటే మాత్రం, ఆకాశం ఎక్కువ కురుస్తుందా? ఇల్లెంత మేర కప్పుకుందో అంత మేరే వాన పడుతుంది. ఎనభై!"

గిచాన్ కాగితం వెనక్కి తీసుకున్నాడు. మూడు నెలల ఉద్యోగం, తొలి సంతకం. కొట్టేసి మళ్లీ రాశాడు. డెబ్బై వేల నాలుగు వందలు. చాలదు.

గుల్లలు ఏరే ఆడవాళ్లందరికీ పెద్ద అయిన మాల్‌సున్ అవ్వ అప్పుడే బయటికొచ్చింది. సొల్హీకి సొంత అమ్మమ్మ. సంగతి విని మనవరాలి నెత్తిన మొట్టింది. "నోరు మూసుకోలేవుటే? బాబూ, ఆ పాత అంకే ఉంచెయ్. పైకెక్కి ఎవడు చూస్తాడు?"

"ట్యాంకు వట్టిపోయిన రోజున కాగితంలో నీళ్లు పోసుకుంటావా అమ్మమ్మా?" అంది సొల్హీ. "ఇంజనీరు గారూ, పక్కనున్న మా వలల కొట్టాం కూడా కలుపుకోండి. ఆరు ఇంటూ నాలుగు."

"దానికి సగం కప్పే లేదు కదండీ!"

"వెయ్యండి మరి. చేతులున్నాయిగా."

తనకే నష్టమైన నిజాన్ని ఇంత ధీమాగా చెప్పే మనిషిని గిచాన్ అంతవరకూ చూడలేదు. రెండు కప్పులూ కలిస్తే తొంభై ఒక్క వేలు దాటింది. కొట్టానికి నెలలో కప్పు పడాలన్న షరతు మీద ఆఫీసు ఒప్పుకుంది.

నాలుగు శనివారాలు గిచాన్ అవతలి ఒడ్డునున్న యొసు రేవు నుంచి తొలి పడవలో వచ్చాడు. రేకులు మోశాడు, వేలు చితక్కొట్టుకున్నాడు. కట్టు కట్టింది సొల్హీయే.

"మేకు ఇనుపది, వేలు నీది. ఆ మాత్రం తేడా తెలీదా?"

"నువ్వలా చూస్తుంటే తెలీట్లేదు."

"అయితే చూడను." అంది గానీ చూపు తిప్పుకోలేదు.

ట్యాంకు వచ్చిన వారానికి మబ్బు పట్టింది. పొద్దున మొదలైన వాన మధ్యాహ్నం దాకా దంచికొట్టింది. ఇద్దరూ చూరు కింద ఒదిగి నిలబడ్డారు. వాన కొలిచే డబ్బా చూసి గిచాన్ అన్నాడు, "పదిహేను మిల్లీమీటర్లు. పన్నెండు వందల నలభై ఎనిమిది లీటర్లు రావాలి."

సొల్హీ తడుస్తూ ట్యాంకు గీతల దగ్గరికి పరిగెత్తింది. "పదమూడు వందలు!"

లోపల స్నానాల గదిలో అవ్వ నెత్తిన కుమ్మరించుకుంటోంది. ఇంకో చెంబు, ఇంకో చెంబు. ముసలి గొంతెత్తి పడవ పాట అందుకుంది. అమ్మమ్మ అంతసేపు నీళ్లు పోసుకోవడం సొల్హీ పుట్టి బుద్ధెరిగి వినలేదు. కళ్లు తుడుచుకుంది.

"గిచాన్, పని అయిపోయింది. వచ్చే శనివారం ఏమని వస్తావు?"

"నీ కోసమని వస్తాను. ఇన్నాళ్లూ వచ్చింది కూడా నీ కోసమే. నన్ను పెళ్లి చేసుకుంటావా?"

"శనివారం దాకా ఆగడం నా వల్ల కాదు. రోజూ పొద్దున పడవుంది, ఆఫీసుకి ఇక్కణ్ణుంచే వెళ్లు."

పాట ఆగింది. "ఒసేయ్, ఆ అబ్బాయిని తడవనివ్వక లోపలికి తీసుకురా! మనవరాలి మొగుడికి అన్నం వండాలి, ముందు నా తువ్వాలు అందుకో!"