పిలిచేదాకా రావద్దు

డాక్యుమెంటరీ నిర్మాత అంటే ఏసీ కారూ, పూలదండలూ అనుకునేరు. అంత సీన్ లేదు. అమీర్‌పేటలో ఒక కోచింగ్ సెంటర్ పై అంతస్తులో రెండు ఇరుకు గదులు, టీ ఫ్లాస్కు, పొద్దస్తమానం మోగే ఫోను. పదిహేనేళ్లుగా మంజూష బతుకు ఇదే. ఎవరెవరి కంపెనీలకో, కాలేజీలకో సినిమాలు తీసిపెట్టింది. చివర్న పేరు మాత్రం వాళ్లదే పడేది.

ఈసారి సినిమా తనది. సనత్‌నగర్ ఫ్యాక్టరీల్లో వయసంతా ధారపోసిన ఆడవాళ్ల కథ. సాయంత్రం పంజాగుట్టలో చానెల్ వాళ్లు చూస్తారు. నచ్చిందా, తెర మీద తన పేరు పడుతుంది. లేదంటే మళ్లీ కోచింగ్ సెంటర్ల ప్రకటనలే. అది తలుచుకుంటేనే కుర్చీలో కుదురుగా కూర్చోలేకపోతోంది, లేచి తిరుగుదామంటే చోటు లేదు.

ఎడిటింగ్ గదికి కిటికీ లేదు. బయట మిట్టమధ్యాహ్నమైనా లోపల చీకటే. వేడెక్కిన వైర్ల వాసన, పాత కార్పెట్ ముక్క వాసన. కింద క్లాసులో మైకు పెట్టి చెబుతున్న పాఠం నేలలోంచి సన్నగా వినిపిస్తోంది.

"అక్కా, ఫస్ట్ షాటే లేదు," అన్నాడు ఎడిటర్ విజయేందర్. "రుద్రమ్మ తలుపు తీస్కొని లోపటికొస్తది అన్నవ్ గదా. ఈడ మూసిన తలుపే ఉంది. గంతే. ఖతం."

మంజూషకి అప్పుడు గుర్తొచ్చింది. సినిమాలోని ఆడవాళ్లలో ఒకరైన రుద్రమ్మ ఇల్లు బోరబండలో, ఒకటే గది. ముసలామె డ్యూటీ నుంచి ఇంటికొచ్చినట్టు తీద్దామని కెమెరా లోపల పెట్టించి, ఆమెను బయటికి పంపింది. "అమ్మా, నేను పిలిచేదాకా లోపలికి రావద్దు," అంది. ఈ పనిలో ఉన్న ప్రతివాళ్లూ రోజూ అనే మాటే. సరిగ్గా అప్పుడే చానెల్ నుంచి ఫోనొచ్చింది. మాట్లాడుకుంటూ వెనక తలుపులోంచి సందులోకి వెళ్లిపోయింది. షూటింగ్ అయిపోయిందనుకుని కెమెరావాళ్లు కూడా సర్దుకుని ఆమె వెనకాలే వచ్చేశారు. రుద్రమ్మను పిలవడం మాత్రం అందరూ మర్చిపోయారు.

"బోరబండ ఎంతసేపు? ఇప్పుడే వెళ్లి ఆ షాట్ తీసుకొచ్చేద్దాం," అని మంజూష ఆ ఇంటికి ఫోన్ చేసింది. కోడలు లచ్చమ్మ ఎత్తింది.

"అత్తమ్మ లేదు మేడం. సచ్చిపోయింది."

"అయ్యో! ఎప్పుడమ్మా? ఏమైంది?"

"మీరొచ్చిన్నాడు వాన దంచికొట్టింది గదా. నేను డ్యూటీ నుంచి వచ్చేసరికి తలుపు బయటనే నిలవడ్డది. తడిసి ముద్దయింది. లోపటికి నడువంటే నడవది. మేడం పిలుస్తనన్నది, పిలవకుంటే ఎట్ల పోత అంటది. జెరమొచ్చి పడ్డది. మళ్ల లేవలే."

మంజూష ఫోను పెట్టేసింది. అయ్యో పాపం అనుకునేలోపే, మరి షాట్ ఎలా అనుకుంది. ఛీ, ఏం మనిషినే నేను, అని తనను తానే తిట్టుకుంది.

"అక్కా..." విజయేందర్ గొంతు బాగా తగ్గింది. "గీ క్లిప్ పొద్దుగాల గింత పొడుగు లేకుండె."

తెర మీద మూసిన తలుపు. క్లిప్ అయిపోవాల్సిన చోట అయిపోవడం లేదు. నడుస్తూనే ఉంది. తలుపవతల వాన చప్పుడు. గదిలోకి తడిసిన నూలుచీర వాసన వచ్చింది. గాజులు కదిలాయి.

"మేడం... రావాల్నా?"

విజయేందర్ ఆపే మీట నొక్కాడు. మళ్లీ నొక్కాడు. ఆగలేదు.

"జవాబియ్యకు అక్కా," గుసగుసగా అన్నాడు. "జర నా మాటిను."

మంజూష వినలేదు. ఈ షాట్ లేకపోతే సినిమాకి మొదలే లేదు. పెదవులు తడుపుకుంది.

"రా అమ్మా."

తెర మీద తలుపు తెరుచుకుంది. రుద్రమ్మ నిలువెల్లా తడిసి లోపలికొచ్చింది. ఆ రోజు చెప్పినట్టే చెప్పులు పక్కన విడిచింది. బల్బు వేసింది. పీట మీద కూర్చుని, తలెత్తి సూటిగా ఇటే చూసింది. మంజూషకి భయం వేసింది, నిజమే. కానీ పదిహేనేళ్లలో ఇలాంటి షాట్ ఒక్కటీ తీయలేదన్న సంతోషం ఆ భయాన్ని మించిపోయింది.

విజయేందర్ ఆ షాట్‌ను మొదట్లో పెట్టి, సినిమాను డ్రైవ్‌లోకి ఎక్కించి, బండి తాళం తీసుకున్నాడు.

"నేను పంజాగుట్టల ఇచ్చేస్త. నువ్వు సుత జల్ది రా అక్కా. ఈడ ఒక్కదానివే ఉండకు."

మంజూష వరండా చివర కుళాయి దగ్గర మొహం కడుక్కుని, హ్యాండ్‌బ్యాగ్ కోసం వెనక్కి వచ్చింది.

ఎడిటింగ్ గది తలుపు మూసి ఉంది.

తను మూయలేదు... విజయేందర్ అప్పటికే వెళ్లిపోయాడు.

పిడి మీద చెయ్యి వేసింది. లోపల స్విచ్ టక్కుమంది. తలుపు కింద సందులోంచి పచ్చటి బల్బు వెలుతురు పాకింది. గాజుల చప్పుడు తలుపు దాకా వచ్చి ఆగింది.

"బిడ్డా... నేను పిలిచేదాక లోపటికి రావద్దు."

చెయ్యి జారిపోయింది. పరిగెత్తాలి. మెట్లు అక్కడే ఉన్నాయి. కాళ్లు రాలేదు. అరుద్దామంటే గొంతు పెగల్లేదు... ఊపిరి మాత్రం వస్తోంది, పోతోంది. క్లాసు వదలగానే కుళాయి కోసం పైకొచ్చిన పిల్లలు, భుజాన బ్యాగులతో కబుర్లు చెప్పుకుంటూ ఆమె పక్కనుంచే పోతున్నారు. ఒకమ్మాయి తన భుజం ఆమెకి తగిలినా వెనక్కి తిరిగి చూడలేదు. బయట ఎండ మండిపోతోంది. మంజూష చున్నీ అంచు నుంచి నీళ్లు కారుతున్నాయి.

ఎంతసేపలా నిలబడిందో, సాయంత్రపు నీడలు వరండాలోకి వచ్చేశాయి. చేతిలో ఫోను మోగింది. వేలు తగిలి దానంతటదే కలిసింది. చానెల్ నుంచి హైందవి.

"మంజూషగారూ, మీ సినిమా వేశామండీ. ఏం టెన్షన్ పెట్టారండీ బాబూ! ఇక్కడ ఎవరూ కుర్చీలోంచి కదలట్లేదు. కాకపోతే... మొదటి షాట్‌లో ఆ తలుపు ఇంకా తెరుచుకోలేదేంటి?"

మంజూష నోరు తెరిచింది. ఊపిరి తప్ప ఏమీ రాలేదు.

అవతల హైందవి సినిమా సౌండ్ పెంచమని ఎవరికో చెప్పింది.

"తలుపు బయట ఎవరో ఆయాసపడుతున్నారండీ..." గొంతు తగ్గించింది. "మంజూషగారూ... ఫోన్లో కూడా అదే వినిపిస్తోందేంటి?"