గ్రే లిన్నెట్ మీద ఈల

"హాడక్ చేప ఉందా?"

"పొగబెట్టిందే ఉంది. పచ్చిది యుద్ధానికెళ్ళింది."

కోడ్ సరిపోయింది. గ్రిమ్స్‌బీ రేవులో, చేపలకు పొగబెట్టే కొట్టం తలుపు తెరుచుకుంది. సీక్రెట్ ఏజెంట్ వాల్టర్ హార్నెస్ లోపలికి అడుగుపెట్టాడు.

శాఖ అధిపతి కర్నల్ ప్రెంటిస్ ఒక పీపా మీద కూర్చున్నాడు. ఆయన పక్కన నల్ల ఫర్ కోటులో ఐరిస్ వేన్ ఉంది. ఆమె రేవు హోటల్లో పాటలు పాడుతుంది. ఆమె తమ మనిషని జర్మన్ల నమ్మకం. కాదు, తన మనిషని కర్నల్ నమ్మకం.

"గ్రే లిన్నెట్ తెలుసుగా?" అన్నాడు కర్నల్.

"పాత చేపల ట్రాలర్."

"ఇప్పుడు గస్తీ ఓడ. రేపు గోధుమ ఓడల బారుకి ముందు నడిచి, నీళ్ళలో పెట్టిన మైన్లు, అదే మందుపాతరలు, లేని దారి చూపించాలి. దాన్ని పేల్చేస్తే వెనక వచ్చే ఓడలన్నీ దారితప్పి మైన్ల మీదికి పోతాయి. పేల్చేవాడు ఆ ఓడలోనే ఉన్నాడట. ఐరిస్ కబురు తెచ్చింది. వాణ్ణి పట్టుకో."

"నా వేషం?"

"వంటవాడు."

ఐరిస్ కిలకిలా నవ్వింది. "ఉప్పు చూసి వెయ్యి, డార్లింగ్."

కర్నల్ ఒక ఫౌంటెన్ పెన్ను చేతిలో పెట్టాడు. దాని మూత తిప్పితే సన్నటి రంపం బయటికొస్తుంది.

గ్రే లిన్నెట్ ఒకప్పుడు ఐస్‌లాండ్ దాకా పోయి కాడ్ చేపలు తెచ్చేది. యుద్ధం రాగానే నేవీ దాని ముక్కు మీద ఫిరంగి, తోక మీద సబ్‌మెరీన్ల మీదికి జారవిడిచే డెప్త్ చార్జ్ బాంబులు బిగించింది. వల లాగిన యంత్రమే ఇప్పుడు మైన్ల గొలుసులు తెంపే తీగ లాగుతోంది. ఒళ్ళంతా బూడిదరంగు పూశారు గాని చేపల కంపు మాత్రం వదల్లేదు. మనుషులూ పాతవాళ్ళే. సరంగు ఈనక్ బ్లాండ్ తన జాలరులందరినీ వెంటబెట్టుకుని ఓడతోపాటే నేవీలో చేరాడు. నేవీ పంపిన కొత్తవాడు ఒక్కడే, వైర్‌లెస్ మనిషి క్రాస్లీ. వాడు చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని తన గదిలోంచి కదిలేవాడు కాదు.

బంగాళాదుంపలు చెక్కుతూ హార్నెస్ అలవాటుకొద్దీ ఈల వేశాడు. ఆ వెంటనే వీపు మీద గరిటె పడింది.

"ఏరా వంటోడా, గాలిని పిలుస్తున్నావా?" వెనక ముసలి జాలరి జెబ్ టాస్కర్ బుసలు కొడుతున్నాడు.

"ఈలకేనా ఇంత?"

"ఈలకే! ఓడ మీద ఈలేస్తే పెనుగాలి లేస్తుంది. మా అన్న ఓడలో ఒకడు ఇట్లాగే వేశాడు. ఆ ఓడ కోసం మా వదిన ఇంకా ఎదురుచూస్తోంది."

చుక్కాని గది కిటికీలోంచి సరంగు తల బయటికొచ్చింది. "మళ్ళీ వినబడిందో, నిన్ను చేపలకేస్తా!"

క్రాస్లీకి ఇదేమీ వినబడలేదు. హెడ్‌ఫోన్ల లోపల వాడి లోకం వేరు.

మర్నాడు ఓడల బారు వెనక వస్తుండగా, క్రాస్లీ ఒక డబ్బా పట్టుకుని కింది అరలోకి దిగడం హార్నెస్ చూశాడు. పూర్వం చేపలు నింపిన అర అది. ఇప్పుడు మందుగుండు దాస్తున్నారు. వెనకాలే దిగాడు. చీకట్లో నెత్తి మీద దెబ్బ పడింది.

తెలివొచ్చేసరికి వల తాడుతో స్తంభానికి కట్టేసి ఉన్నాడు. ఎదురుగా, ఫిరంగి గుండ్ల మధ్య, ఒక డబ్బా టిక్కు టిక్కుమంటోంది.

"ఐరిస్ చెప్పింది, నువ్వొస్తావని. ఓడతోపాటు నువ్వూ పోవాలనే ఆ కబురు తెచ్చింది" అన్నాడు క్రాస్లీ, చేతిలోని లాంతరు ఎత్తి. "నేను తెప్ప దింపుకుని పోతున్నా. మా సబ్‌మెరీన్ ఎక్కించుకుంటుంది. గొంతు చించుకుని అరుచుకో, ఇక్కడ ఎవడూ పట్టించుకోడు."

లాంతరు పైకి వెళ్ళిపోయింది. తలుపు దబ్బున మూతపడింది.

పెన్ను కోటు జేబులో ఉంది. కోటు వంటగదిలో మేకుకి వేలాడుతోంది.

హార్నెస్ అరిచాడు. ఇంజిన్ హోరు ఆ అరుపుని మింగేసింది. గింజుకుంటే తాడు ఇంకా బిగిసింది. చుట్టూ మంచు నిలవచేసిన మందపాటి గోడలు, ఏళ్ళనాటి నీచు వాసన. ఊపిరి పీల్చుకునే దారి ఒక్కటే, డెక్కు మీదికి పోయే గాలిగొట్టం. కాళ్ళతో నేలని తన్నాడు. గొట్టంలోంచి మాటలు వినబడ్డాయి.

"కింద ఏదో కొట్టుకుంటోంది, సరంగు గారూ."

"కొట్టుకోనిదెప్పుడు? ముసలి ఓడరా జెబ్బూ. కీళ్ళనొప్పులు."

నవ్వులు. అడుగులు దూరమయ్యాయి.

హార్నెస్‌కి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఈ ఓడ మీద చప్పుడు చేస్తే ఎవడూ రాడు. మరి దేనికి పరుగెత్తుకొస్తారు? వీపు మీద గరిటె దెబ్బ చురుక్కుమంది.

పెదాలు బిగించి ఊదాడు. ఉత్త గాలి వచ్చింది. నోరు పిడచకట్టుకుపోయింది. డబ్బాలో టిక్కుటిక్కు ఆగడం లేదు. పక్కకి వంగి, గోడ మీద చెమ్మని నాకాడు. ఉప్పు, తుప్పు, చేప. మళ్ళీ గొట్టంకేసి ఊదాడు.

ఈసారి ఈల వచ్చింది. గొట్టంలో పడి కోయ్‌మంటూ పైకి పాకింది.

డెక్కు మీద అడుగులు టక్కున ఆగాయి.

"ఎవడ్రా వాడు!"

బూట్లు దడదడలాడాయి. తలుపు ఊడినంత పనై తెరుచుకుంది. ముందు గరిటెతో జెబ్, వెనక చుక్కానిని తన కింది మేటుకి వదిలేసి స్వయంగా సరంగు!

"చెప్పానా లేదా, వెధవా!"

"ముందు ఆ డబ్బా విసిరెయ్యండి బాబూ! తర్వాత తీరిగ్గా తన్నండి!"

సరంగు డబ్బా వైపు చూశాడు. చేపల బుట్ట అందించినట్టు డబ్బాని జెబ్‌కి అందించాడు. జెబ్ పైవాడికి, పైవాడు ఇంకొకడికి. ఏళ్ళ తరబడి ఆ మెట్ల మీద అందుకుని అలవాటైన చేతులవి. ఆఖరివాడు సముద్రంలోకి విసిరాడు. నీళ్ళు తాటిచెట్టంత ఎత్తు లేచాయి. గ్రే లిన్నెట్ ఒళ్ళంతా ఝల్లుమంది, మళ్ళీ నిలదొక్కుకుంది. వెనక గోధుమ ఓడలు ఒకదాని తోక ఒకటి పట్టుకుని వస్తూనే ఉన్నాయి.

కట్లు విప్పగానే హార్నెస్ ద్రోహి పేరు చెప్పాడు. తెప్ప దింపుతున్న క్రాస్లీ మీద పాత వల విసిరారు. బయటికి తీయడానికి ఎవరూ తొందరపడలేదు.

"హాడక్ కుళ్ళిపోయింది. హోటల్లో పాట ఆపించండి" అని హార్నెస్ కర్నల్‌కి వైర్‌లెస్ పంపాడు. ఐరిస్‌ని రైల్వే స్టేషన్‌లో ఫర్ కోటుతో సహా పట్టుకున్నామని జవాబొచ్చింది.

సరంగు హార్నెస్ చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. "మా ప్రాణాలు కాపాడావయ్యా. బతికున్నంతకాలం మర్చిపోం. రేవు రాగానే దిగిపో."

"ఎందుకు, సరంగు గారూ?"

అప్పుడే జెండా టపటపా కొట్టుకుంది. పడమట నల్లగా మబ్బు లేస్తోంది. సముద్రం మీద మొదటి పెనుగాలి విసురు ఓడని పక్కకి ఒరిగించింది.

జెబ్ గరిటె వెతుక్కుంటూ వంటగదిలోకి వెళ్ళాడు.