పిలిస్తే పలికే బావి

తొర్రూరు నుంచి జనగామ వైపు పోయే పాత బండ్లబాట మీద, ఊరు దాటి కోసెడు దూరం పోతే ఒక మోటబావి ఉంది. పొద్దుగూకితే ఆ పక్కకు ఎవరూ పోరు. దయ్యాలు లేవని రచ్చకెక్కి వాదించే మొనగాళ్లు మా వైపు తక్కువేం కాదు గానీ, వాళ్లకు కూడా ఆ బావి దగ్గరికి రాగానే ఎక్కడలేని పనులు గుర్తొచ్చి అడుగులు వడివడిగా పడతాయి.

ఈ సంగతి నాకు చెప్పింది అంగట్లో బెల్లం అమ్మే వజ్రమ్మ. ఆమె ఎప్పుడూ అబద్ధమాడదని నేననను. ఆమె తూకం సంగతి ఊరంతటికీ తెలుసు. కానీ ఇది చెప్పేటప్పుడు మాత్రం రెండుసార్లు కళ్లు తుడుచుకుంది.

రాజలింగు అని ఒకాయన ఉండేవాడట. భాగోతం ఆడేవాళ్లకు గొంతు తయారుచేయడం ఆయన పని. తాను వేషం కట్టడు, గజ్జె కట్టడు. ఆ రోజుల్లో మైకులెక్కడివి? తెల్లవార్లూ నడిచే ఆటలో, ఆఖరున గొంగడి కప్పుకుని కూర్చున్న ముసలమ్మకు కూడా ప్రతి మాటా వినపడాలి. అందుకని కోడి కూయకముందే శిష్యులను ఆ మోటబావిలో మెడలోతు నీళ్లలో నిలబెట్టి, తాను గట్టు మీద కూర్చుని “ఆ…” అని ఎత్తేవాడు. కింది నుంచి వాళ్లు అందుకోవాలి. చలికి పళ్లు టకటకలాడినా గొంతు మాత్రం వణకకూడదు. అట్లా ముప్పై ఏళ్లు. చిల్పూరు నుంచి కాళేశ్వరం దాకా ఏ ఊళ్లో ఆట కట్టినా అందులో ఆయన దిద్దిన గొంతు ఒకటైనా ఉండేది.

ఆయన దగ్గర ఒక్కటే కట్టడి. పాడేవాడికి దమ్ము చాలక పాట తెగితే, పక్కవాడు రెప్పపాటులో అందుకోవాలి. ఆలోచించడానికి వీల్లేదు.

“పాట తెగితే ఆట తెగినట్టేరా! నేను ఎత్తి ఆపిన్నంటే… తింటున్నా, పంటున్నా అందుకోవాలె!” అనేవాడు.

ఆ మాటను ఒంటికి పట్టించుకున్నవాడు పోశాలు. కొమురవ్వకు ఒక్కగానొక్క కొడుకు, ఇరవై ఏళ్లవాడు. ఆడవేషం కట్టి గొంతెత్తితే పసిపిల్లలు కూడా ఏడుపాపి చూసేవాళ్లు. పిల్లలు లేని రాజలింగుకు వాడంటే ప్రాణం. పైకి మాత్రం తిట్టని రోజు లేదు.

ఇంతలో దొరల మీద ఊళ్లు తిరగబడ్డ సంగం రోజులొచ్చాయి. పోశాలు గజ్జెలు విప్పి సంగం పాటలు పట్టుకున్నాడు. వాడు పాడిన ఊళ్లో మర్నాడు దొర గడీకి వెట్టికి పోయేవాళ్లు ఉండేవారు కాదు. రజాకార్లు వాడి కోసం ఇల్లిల్లూ గాలించారు. వాడు మోటబావిలో, నీళ్లకు పైన రాళ్ల మధ్య ఉన్న గూట్లో దాక్కున్నాడు. ఆ సంగతి కొమురవ్వకూ, రాజలింగుకూ తప్ప పురుగుకు కూడా తెలియదు.

మూడు రోజులు గడిచాయి. నాలుగో రాత్రి రాజలింగు మనసు ఆగలేదు. జొన్నగటక మూటగట్టుకుని బావి దగ్గరికి పోయాడు. కిందంతా చీకటి… చప్పుడు లేదు. పిల్లవాడు ఉన్నాడా? ఏమన్నా అయిందా? పేరు పెట్టి పిలిస్తే ఎవరైనా వింటారు. కూనిరాగమైతే ఎవడో దారినపోయేవాడు అనుకుంటారులే అని, సన్నగా “ఆ…” అని ఎత్తి ఆపాడు.

కింద నుంచి పోశాలు అందుకున్నాడు.

గొంతంటే మామూలు గొంతా… బావి గోడలు ఖంగుమన్నాయి. అదే సమయానికి బండ్లబాట మీద రజాకార్ల గస్తీ పోతోంది. ఆ సంగతి రాజలింగుకు బూట్ల చప్పుడు దగ్గరికొచ్చేదాకా తెలియలేదు. చీకట్లో జిల్లేడు పొదల వెనక పడిపోయాడు. అక్కడి నుంచే విన్నాడు — రెండుసార్లు తుపాకీ పేలడం… ఆ తర్వాత నీళ్ల చప్పుడు.

ఎవడో ద్రోహి పట్టించాడని ఊరనుకుంది. రాజలింగు ఔననలేదు, కాదనలేదు. ఆనాటి నుంచి మళ్లీ గొంతెత్తలేదు. నేర్పమని వచ్చినవాళ్లను, “నా గొంతు వోయింది, పోండ్రి” అని పంపేసేవాడు.

మూడేళ్లు పోయాయి. రజాకార్లు పోయి మిలిటరీ క్యాంపులు వచ్చాయి. ఒకరోజు కల్లుగీసే ఐలయ్య, ఒంట్లో సరుకు కాస్త ఎక్కువై, భాగోతం పాట పాడుకుంటూ రాత్రిపూట ఆ బాటన వచ్చాడు. బావి దగ్గర దమ్ము చాలక పాట తెగింది. మిగతా సగం… బావిలోంచి వినిపించింది! ఐలయ్య ఇంటికెట్లా చేరాడో ఐలయ్యకే తెలియదు. వారం రోజులు జ్వరం.

ఊరు భయపడింది. రాజలింగు భయపడలేదు. ‘వాడే అయితే… ఒక్కసారి కాళ్లు పట్టుకుని తప్పయిందిరా, మన్నించు అని అడగాలి’ అనుకున్నాడు. మూడేళ్లుగా ఆయన అడుగుదామనుకున్నది అదొక్కటే. అడగడానికి మనిషే లేడు.

అమావాస్య ముందటి రోజు రాత్రి పోయాడు. గట్టు మీద తన పాత చోట కూర్చున్నాడు. మూడేళ్లకు మళ్లీ గొంతెత్తాడు.

“ఆ…”

తుప్పు పట్టిన గొంతు. సగంలోనే తెగింది.

తెగిన చోటే… బావిలోంచి ఎవరో అందుకున్నారు. వెంట్రుకవాసి ఎడం లేదు. సన్నగా, నిండుగా సాగి, మెల్లగా ఆగింది.

రాజలింగు లేచాడు. గోడ పట్టుకుని మెట్లు దిగాడు. ఒకటి… రెండు… నాలుగో మెట్టు మీద ఎవరో ముసుగేసుకుని కూర్చుని ఉన్నారు!

“ఎ… ఎవలది?”

“నేనే అన్నా. కొమురవ్వను.”

ఆయన అక్కడే మెట్టు మీద కూలబడ్డాడు. కొండంత ఆశతో వచ్చాడు పాపం, ఏడుపు ఆగలేదు.

“చెల్లె… ఒక మాట జెప్పాలె. పోశాలును ఎవలూ పట్టియ్యలే. ఆ రాత్రి… నేనే వచ్చి ఎత్తిన.”

“ఎరికే.”

“ఎరికెనా?”

“నువ్వు బజార్ల ఎత్తితే, బుక్క నోట్ల వెట్టుకొని గూడ అందుకునేటోడు. నువ్వు ఎత్తకుంటే వాడెందుకు పలుకుతడు అన్నా?”

“మరి నన్ను ఒక్క మాటన్న అనకపోతివి…”

“అంటే వస్తడా?”

ఏడ్చి ఏడ్చి రాజలింగు మనసు కొంచెం తేలికపడింది. మూడేళ్లలో మొదటిసారి.

“అచ్చం వాని తీరుగనే అందుకుంటివి చెల్లె,” అన్నాడు గొంతు తగ్గించి. “ఎప్పుడు నేర్సినవ్? ఊరంత దయ్యమని పరేషాన్ అయితున్నరు.”

కొమురవ్వ తల తిప్పి ఆయన వైపు చూసింది.

“నేను నోరు తెరువలే అన్నా.”

రాజలింగు ఉలిక్కిపడి కింది నీళ్ల వైపు తిరిగాడు.

“ఐలయ్య మాట ఇని, నేను గూడ ఇందామనే వచ్చిన. నాకు పాట యాడ వస్తది?”

కింద నీళ్లు ఒకసారి కదిలి ఊరుకున్నాయి.

రాజలింగు ఒక మెట్టు కిందికి జరిగాడు. అయితే ఉన్నాడు! ఇక్కడే ఉన్నాడు! అడగాల్సింది అడగొచ్చు. వంగి, దమ్ము బిగపట్టి, నోరు తెరిచాడు —

కొమురవ్వ చల్లటి చెయ్యి ఆయన నోటిని మూసేసింది.

“వద్దన్నా… ఇగ ఎత్తకు,” అంది చెవిలో. “నువ్వెత్తితే వాడు అందుకోకుంట ఉండలేడు. జర పండుకోనీ.”